కాలువ గట్టు మీద ఇల్లు, చేతిలో ఏడో సెక్షన్ నోటీసు

మీరు అడిగినదాన్ని ముందు నాకు అర్థమైనట్టు చెబుతాను. నెల్లూరులో కాలువ గట్టు మీద మీది రేకుల ఇల్లు. 22 ఏళ్ల కిందట మీ నాన్నగారు అప్పటికి అక్కడ ఉంటున్నవారికి 18 వేలు ఇచ్చి తెల్లకాగితం మీద రాయించుకున్నారు. కరెంటు మీటరు అమ్మగారి పేరు మీద ఉంది, ఇంటి పన్ను ఏటా కడుతున్నారు. పోయిన వారం ప్రభుత్వ భూమి ఆక్రమణ అంటూ ఏడో సెక్షన్ కింద నోటీసు వచ్చింది. 12 ఏళ్లు దాటితే స్థలం మనదేనని వీధిలో అంటున్నారు. ఒకాయన 60 వేలు ఇస్తే పట్టా ఇప్పిస్తానంటున్నాడు. ఏది నమ్మాలి, ఏం చేయాలి అన్నది మీ ప్రశ్న.

నేను రెవెన్యూ శాఖలో 31 ఏళ్లు పనిచేశాను. ఇలాంటి నోటీసులు రాశాను, తలుపులకు అంటించాను, రెండు మూడు సార్లు పొక్లెయిన్ పక్కన కూడా నిలబడ్డాను. ఉద్యోగం అయిపోయాక బల్లకు ఇవతలి పక్కకు వచ్చి, నోటీసులు అందుకున్నవారికి జవాబులు రాసిపెడుతున్నాను. రెండు పక్కలా కూర్చున్నవాడి మాటగా దీన్ని చదవండి.

60 వేల సంగతి ముందు తేల్చేద్దాం. ఇవ్వకండి. పట్టా ఇచ్చే అధికారం తహసీల్దారుది. దానికో ఫైలు, ఫైలుకో నంబరు, రిజిస్టరులో ఒక నమోదు ఉండాలి. మధ్యవర్తి తెచ్చే కాగితం మీద ముద్ర, సంతకం ఎంత బాగున్నా కార్యాలయం రిజిస్టరులో ఆ నంబరు లేకపోతే అది రంగు కాగితమే. పైగా కాలువ పోరంబోకుకు, అంటే కాలువ కోసం ఉంచిన ప్రభుత్వ స్థలానికి, పట్టా ఇవ్వడం తహసీల్దారుకే కుదరదు. తనకే లేని అధికారాన్ని ఆయన ఎవరికి అమ్ముతాడు? మీ వీధిలో ఇప్పటికే ఎవరైనా డబ్బు కట్టి ఉంటే, గొడవ పడకుండా ముందు వారి దగ్గరున్న నంబరును కార్యాలయంలో సరిచూడమనండి.

ఇక 12 ఏళ్ల మాట. ఇది సగం నిజం, ఆ సగమే కొంప ముంచుతుంది. 1963 నాటి కాలపరిమితి చట్టంలో 12 ఏళ్ల లెక్క ప్రైవేటు వ్యక్తి స్థలానికి. ప్రభుత్వ స్థలమైతే ఆ లెక్క 30 ఏళ్లు. మీకు 22. మీ నాన్నగారికి ముందున్నవారి కాలం కూడా కలిపితే 30 దాటుతుందని ఎవరైనా వకీలు అనవచ్చు, కానీ ఆ కలపడానికి గొలుసు తెగకుండా రుజువులు కావాలి. ఇంకో చిక్కుంది. ప్రతికూల స్వాధీనం అంటే ఊరికే ఉండటం కాదు. అసలు యజమానికి తెలిసేలా, ఆయన హక్కును కాదంటూ, బహిరంగంగా, విరామం లేకుండా ఉండటం. మీరు ఎప్పుడైనా ‘అయ్యా, ఈ స్థలానికి నాకు పట్టా ఇప్పించండి’ అని అర్జీ పెట్టారా? పెట్టి ఉంటే స్థలం ప్రభుత్వానిదని మీ చేత్తో మీరే రాసిచ్చినట్టు. మా తరం వీఆర్వోలు బి-మెమో (ఆక్రమణ నమోదు కాగితం) రాసి శివాయి జమ (ఆక్రమణకు వేసే సొమ్ము) వసూలు చేసేవారు. ఆ రసీదును జనం హక్కుపత్రంలా ఇనప్పెట్టెలో దాచుకుంటారు. నిజానికి అది ప్రభుత్వ భూమిలో అనుమతి లేకుండా ఉన్నందుకు కట్టిన సొమ్ముకు రసీదు. నేనే వందల రసీదులు కోసి ఇచ్చాను. తీసుకున్నవారి ముఖాల్లో ఆ ధీమా చూసి చెప్పాలనిపించేది. చెప్పలేదు.

అలాగని వాటిని పారేయకండి. ఇంటి పన్ను రసీదు, కరెంటు బిల్లు, రేషన్ కార్డు, ఓటరు జాబితాలో పేరు, బడిలో మీ చిరునామా, ఆ తెల్లకాగితం కూడా. వీటిలో ఏదీ హక్కు ఇవ్వదు. కరెంటు శాఖ ఇంట్లో ఉంటున్నవారికి వెలుగు ఇస్తుంది, ఇంటి యజమాని ఎవరన్నది అది తేల్చదు. 100 రూపాయలు దాటిన స్థిరాస్తి అమ్మకం రిజిస్టరు కాకపోతే చెల్లదు కనుక తెల్లకాగితం అమ్మకపు పత్రం కాలేదు. కానీ అన్నీ కలిస్తే మీరు ఏ తేదీ నుంచి ఇక్కడ ఉన్నారో చెబుతాయి, మీకు ఇప్పుడు అక్కరకు వచ్చేది ఆ తేదీయే. ఎందుకో కింద చెబుతాను.

మీ ప్రశ్న అంతా ఎన్నేళ్ల చుట్టూ తిరిగింది. రెవెన్యూ వారు ముందు చూసేది ఎన్నేళ్లని కాదు, ఏ నంబరులో ఉన్నారని. ఆ సర్వే నంబరు పక్కన రిజిస్టరులో ఏమని రాసి ఉంది? బంజరు, గయాలు (యజమాని లేని భూమి) అని ఉంటే ఒక దారి. కాలువ, చెరువు, వాగు, డొంక, శ్మశానం అని ఉంటే పూర్తిగా వేరే దారి. మొదటివి అభ్యంతరం లేనివి, రెండోవి అభ్యంతరకరమైనవి. అభ్యంతరం లేని స్థలాల్లో ఇళ్లను క్రమబద్ధీకరించడానికి ప్రభుత్వాలు అప్పుడప్పుడూ జీవోలు ఇస్తాయి. 2025 జనవరిలో వచ్చిన పథకం అలాంటిదే: 2019 అక్టోబరు 15కు ముందు కట్టుకున్న ఇల్లయితే, పేదలకు 150 గజాల వరకు ఉచితం. పన్ను రసీదుల మీద ఉన్న తేదీ అలాంటి పథకాల్లో పనికొస్తుంది. కాలువ స్థలానికి ఇవి వర్తించవు. ఊరుమ్మడి భూములు, చెరువుల ఆక్రమణలను క్రమబద్ధీకరించవద్దని సుప్రీంకోర్టు 2011లోనే గట్టిగా చెప్పింది.

అయితే మీ ఇల్లు నిజంగా కాలువ హద్దులోనే ఉందా? ఈ ప్రశ్న నోటీసు అందుకున్నవారు అడగరు, ఇచ్చినవారు తమంతట తాము చెప్పరు. నెల్లూరు సంగతి మీకు తెలియనిది కాదు. సర్వేపల్లి కాలువ, జాఫర్ సాహెబ్ కాలువ ఒకప్పుడు పొలాలకు నీరు తీసుకుపోవడానికి తవ్వినవి, ఊరు పెరిగి వాటి మీదికి వచ్చింది. కాలువ కొన్ని చోట్ల ఒరుసుకుని జరిగింది, కొన్ని చోట్ల పూడింది. కంటికి కనిపించే గట్టు, పటంలో ఉన్న హద్దు ఒకటే కావాలని లేదు. నేను పనిచేసిన ఒక మండలంలో వరసగా ఏడు ఇళ్లకు నోటీసులిచ్చాం. ఒక ముసలాయన, చదువు లేని మనిషి, ‘కొలిచి చెప్పండయ్యా, కొలవకుండా లేవమంటే ఎట్టా’ అని పట్టు పట్టాడు. సర్వేయరు వచ్చి గొలుసు వేస్తే ఏడింటిలో రెండు గ్రామకంఠంలో, అంటే ఊరి ఇళ్ల కోసం పాతకాలం నుంచి ఉన్న స్థలంలో పడ్డాయి. అందులో ఆ ముసలాయనది లేదు, పాపం. కానీ ఆ రెండు కుటుంబాలు ఇప్పటికీ అక్కడే ఉన్నాయి. గ్రామకంఠంలో తరతరాలుగా ఉన్న ఇళ్లు ప్రభుత్వ భూమి కిందికి రావని హైకోర్టు తీర్పులున్నాయి.

కాబట్టి నోటీసును ఇప్పుడు మళ్లీ తీసి నిదానంగా చదవండి. ఏ చట్టం కింద ఇచ్చారు, ఎవరు సంతకం చేశారు, ఏ తేదీన ఇచ్చారు, మీకు ఏ తేదీన అందింది, సర్వే నంబరు ఎంత, విస్తీర్ణం, హద్దులు రాశారా, జవాబుకు గడువు ఎప్పటివరకు. ఏడో సెక్షన్ అన్నారు కాబట్టి అది 1905 నాటి భూ ఆక్రమణల చట్టం అయి ఉంటుంది, మద్రాసు ప్రెసిడెన్సీ కాలం నాటిది. ఆ చట్టంలో ఏడో సెక్షన్ అంటే ‘ఎందుకు ఖాళీ చేయించకూడదో చెప్పుకో’ అని అడగడం. ఖాళీ చేయమన్న ఉత్తర్వు ఆరో సెక్షన్ కింద తరువాత వస్తుంది. చాలామంది ఏడో సెక్షన్ కాగితం చూడగానే ఇల్లు పోయిందని ఏడుస్తూ కూర్చుంటారు, లేదా ఎన్ని చూడలేదని చించేస్తారు. రెండూ ఒకటే, గడువు జారిపోతుంది. జవాబు ఇవ్వకపోతే ఫైలులో ‘ఆక్రమణదారుకు చెప్పుకోవడానికి ఏమీ లేదు’ అని ఒక వాక్యం పడుతుంది. ఆ వాక్యం నేను ఎన్నిసార్లు రాశానో లెక్క లేదు. పై అధికారి దగ్గరికి, హైకోర్టుకు వెళ్లినప్పుడు మొదట చూపించేది ఆ వాక్యాన్నే.

జవాబు పెద్ద భాషలో అక్కర్లేదు. తెలుగులోనే రాయండి. ఎప్పటి నుంచి ఉంటున్నారు, ఎంతమంది ఉన్నారు, ఎక్కడ పనిచేస్తున్నారు, పిల్లలు ఏ బడిలో చదువుతున్నారు, మంచం పట్టినవారు ఎవరైనా ఉన్నారా. ఆ తరువాత మూడు కోరండి. మా సమక్షంలో సర్వేయరుతో కొలిపించండి. కొలతల పటం, ఆ సర్వే నంబరు రిజిస్టరు నకలు ఇప్పించండి. స్థలం కాలువదేనని తేలితే, ప్రత్యామ్నాయ ఇల్లు లేదా స్థలం చూపించేదాకా ఆగండి. ఆ స్థలం మాదేనని మాత్రం రాయకండి. ఉద్రేకంలో అలా రాసినవారిని చూశాను. స్థలం తమదని రుజువు చేయలేకపోయేసరికి పునరావాసం అడిగే నోరు కూడా మూగబోయింది. మీ దగ్గర నిజంగా రిజిస్టరు పత్రాలో, పాత పట్టానో ఉంటే సంగతి వేరు. హక్కు గురించి నిజాయితీగా వివాదం ఉన్నప్పుడు ఈ తొందర చట్టం కింద లేపేయడం కుదరదు, ప్రభుత్వం సివిల్ కోర్టుకు వెళ్లి తేల్చుకోవాలని ఆంధ్రప్రదేశ్ కేసులోనే సుప్రీంకోర్టు 1982లో చెప్పింది. మీరు చెప్పినదాన్నిబట్టి మీది ఆ కోవకు రాదు.

జవాబును కార్యాలయం తపాలు విభాగంలో చేతికి ఇచ్చి, మీ నకలు మీద ముద్ర, తేదీ వేయించుకోండి. తీసుకోబోమని అంటే స్పీడ్ పోస్టులో పంపండి. సోమవారం కలెక్టరేటులో అర్జీలు తీసుకుంటారు కదా, అక్కడ కూడా ఒక నకలు ఇవ్వండి. ఒక్కరు కాదు, వీధి వీధంతా వెళ్లండి. కానీ జవాబులు మాత్రం ఎవరిది వారే ఇవ్వాలి. 40 మంది సంతకాలతో ఒకే కాగితం ఇస్తే ఆ 40 ఇళ్లలో ఏ ఇంటి కథా ఫైలులోకి ఎక్కదు. సర్వే కాగితాలు ఇవ్వకపోతే సమాచార హక్కు చట్టం కింద అడగండి. దారిద్ర్యరేఖకు దిగువన ఉంటే రుసుము లేదు, 30 రోజుల్లో ఇవ్వాలి.

మీకు వాట్సాప్‌లో ఒక సందేశం వచ్చి ఉంటుంది. 15 రోజుల నోటీసు లేకుండా ఎవరి ఇల్లూ కూల్చకూడదని సుప్రీంకోర్టు చెప్పిందని. 2024 నవంబరు 13 తీర్పు అది, నిజమే. ఆ సందేశం పంపేవారు తీర్పులో ఆ ఆదేశాలకు ముందే ఉన్న పేరా చదవరు. రోడ్డు, కాలిబాట, రైలు పట్టాల పక్కన, నది లేదా జలవనరుల్లో ఉన్న అనధికార కట్టడాలకు ఆ ఆదేశాలు వర్తించవని అందులోనే ఉంది. కాలువను చూసే అధికారులు ఆ పేరాను పట్టుకుంటారు. అందుకే 15 రోజుల మీద ధీమా పెట్టుకోకండి. అలాగని నోటీసే లేకుండా వచ్చి లేపేయవచ్చని కాదు. 1905 చట్టం కింద చర్య తీసుకుంటున్నప్పుడు ఆ చట్టం అడిగే నోటీసు, మీ జవాబు వినడం, రాతపూర్వక ఉత్తర్వు ఇవ్వడం తప్పవు. ఆరో సెక్షన్ ఉత్తర్వు వస్తే దాని మీద అదే చట్టంలో పదో సెక్షన్ కింద అప్పీలు ఉంది. మీ జవాబును పట్టించుకోకుండా ఉత్తర్వు ఇస్తే హైకోర్టులో రిట్ వేయవచ్చు. వకీలు ఫీజు గురించి భయపడకండి. మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పని లేకుండా ఉచిత న్యాయసహాయం చట్టంలోనే ఉంది. మీటరు అమ్మగారి పేరు మీద ఉంది కాబట్టి అర్జీ ఆమె పేరుతోనే పెట్టండి. జిల్లా కోర్టు ఆవరణలో న్యాయసేవాధికార సంస్థ ఉంటుంది. 15100కు ఫోను చేసినా దారి చెబుతారు.

ఇప్పుడు మీకు నచ్చని మాట ఒకటి. కొలిచాక మీ ఇల్లు కాలువ హద్దులోనే పడితే, ఆ ఇంటి కోసం చివరిదాకా పోరాడమని నేను చెప్పను. మన జిల్లాకు వానల్లో ఎక్కువ భాగం అక్టోబరు నుంచి డిసెంబరు లోపే కుమ్మరిస్తుంది. 2015 నవంబరు వరదలు గుర్తున్నాయి కదా. 2021 నవంబరులో పెన్నా పొంగి పడుగుపాడు దగ్గర రైలు పట్టాలు కింద నేల లేకుండా వేలాడాయి, భగత్‌సింగ్ కాలనీ నీట మునిగింది. గట్టు మీద ఉన్నవారికి ఇది కొత్తగా చెప్పాలా. మంచం కింద ఇటుకలు పెట్టుకుని బియ్యం డబ్బా మంచం మీదికి ఎక్కించిన రాత్రులు మీ అమ్మగారు నాకన్నా బాగా చెప్పగలరు. గట్టు విరిగితే మునిగేది మీ ఇల్లు ఒక్కటే కాదన్నది కూడా నిజం.

కానీ లేవడం ఒకటి, ఎక్కడికి లేవడం అన్నది మరొకటి. బేరం అంతా అక్కడే. 1985లో బొంబాయి ఫుట్‌పాత్ నివాసుల కేసులో సుప్రీంకోర్టు బతుకుతెరువు జీవించే హక్కులో భాగమని ఒప్పుకుంది. అయినా వారిని అక్కడే ఉండనివ్వలేదు, వాన కాలం అయ్యేదాకా మాత్రం ఆపింది. మన కోర్టుల తీరు నలభై ఏళ్లుగా అదే. ఉన్న చోటు హక్కు కాదు, మర్యాదగా లేపబడటం మాత్రం హక్కు. మీ అమ్మగారు చుట్టుపక్కల ఇళ్లలో పనిచేస్తారని రాశారు. ఊరి బయట ఇల్లిస్తే పొద్దున ఆరింటికి ఆటో దొరకాలి, రానుపోను ఖర్చు జీతంలో ఎంత తింటుందో లెక్కేసి ఆ లెక్కను కూడా జవాబులో రాయండి. ‘దూరం’ అని రాస్తే ఎవరూ పట్టించుకోరు, రూపాయల్లో రాస్తే ఫైలు చదివేవాడి కన్ను ఆగుతుంది.

టిడ్కో ఇల్లు (పట్టణ పేదల కోసం ప్రభుత్వం కట్టించిన ఫ్లాటు) చూపిస్తామంటే అది ఎన్ని చదరపు అడుగులది అని మొదట అడగండి. 300, 365, 430 అని మూడు రకాలున్నాయి. పెద్ద రకాలకు బ్యాంకు రుణం ముడిపడి ఉంటుంది. తాళం చేతికి రాకముందే వాయిదా కట్టమని బ్యాంకు నుంచి కాగితాలు అందుకున్నవారు రాష్ట్రమంతా ఉన్నారు. రుణపత్రం మీద సంతకం పెట్టే ముందు ఇల్లు ఎప్పుడిస్తారో రాతపూర్వకంగా అడగండి. నీళ్లు, కరెంటు వచ్చాయా అన్నది వెళ్లి కంటితో చూసి రండి. ఇల్లు కాకుండా స్థలం ఇస్తామంటే ఇప్పటి లెక్క ప్రకారం పట్టణంలో 2 సెంట్లు. అందులో ఇల్లు కట్టేదాకా ఎక్కడ ఉండాలి, అద్దె ఎవరు ఇస్తారు అని కూడా అడగండి. నవ్వినా సరే అడగండి.

లబ్ధిదారుల జాబితా తయారుచేసేటప్పుడు సచివాలయం సిబ్బంది ఇల్లిల్లూ తిరుగుతారు. ఆ రోజు ఇంట్లో ఒకరు తప్పకుండా ఉండాలి. మీ ఇంట్లో సగం గది ఎవరికైనా అద్దెకిచ్చారా? గట్టు మీద అద్దె కుటుంబాలు మనం అనుకునేదానికన్నా ఎక్కువ. ఇల్లు పోతే వారికీ గూడు పోతుంది, కానీ జాబితాలో ‘యజమాని’ పేరే ఎక్కుతుంది. వారి పేరు కూడా రాయించండి. అలాగే గట్టు చివర యానాదుల గుడిసెలు ఉంటాయి. ప్రతిసారీ జాబితాలో లేకుండా పోయేది వారే, ఎందుకంటే చాలామందికి ఆధార్ ఉండదు, పుట్టిన తేదీ కాగితం ఉండదు, అడిగితే మాట్లాడరు. వారిది గిరిజన తెగ, వారి కోసం నెల్లూరులోనే ఐటీడీఏ (సమగ్ర గిరిజనాభివృద్ధి సంస్థ) ఉంది. మీ వీధి అర్జీలో వారి గుడిసెల లెక్క కూడా రాసి ఒక నకలు అక్కడ ఇవ్వండి. మీకు దీనివల్ల వచ్చే లాభం కూడా చెబుతాను. ఎస్టీ కుటుంబాలు ఉన్నాయని కాగితం మీద కనిపిస్తే పైవారు ఒకటికి రెండుసార్లు ఆలోచిస్తారు. ఈ మాట ఉద్యోగంలో ఉండగా నేను ఎవరికీ చెప్పి ఉండను.

ఒంగోలులో పోతురాజు కాలువ పక్కన ఉన్నవారు కూడా ఇదే అడుగుతుంటారు. వారికీ ఇదే జవాబు, సర్వే నంబరు ఒక్కటే మారుతుంది.

ఒకవేళ ఇంతా చేశాక ఒక పొద్దున మిషను వచ్చేసిందనుకోండి. ఎదురు నిలబడకండి. ఉత్తర్వు కాగితం చూపించమని అడగండి, ఫోనులో ఫొటో తీసుకోండి. సామాను, ముఖ్యంగా కాగితాల సంచి, గ్యాస్ బండ ముందు బయటికి తెచ్చుకోండి. ఇల్లు ఉన్నప్పుడు ఒక ఫొటో, పోయాక ఒక ఫొటో తీయండి. ‘ఇష్టపూర్వకంగా ఖాళీ చేశాను’ అని రాసిన కాగితం మీద సంతకం అడుగుతారు. ప్రత్యామ్నాయం చేతికి రాకుండా ఆ సంతకం పెట్టకండి. తరువాత మీరు ఏ తలుపు తట్టినా ముందు ఆ కాగితమే మీకు ఎదురొస్తుంది.

నోటీసు మీకు చేతికి అందిన తేదీ, అందులోని సర్వే నంబరు మీరు రాయలేదు. ఆ రెండూ చెప్పండి. గడువు ఇంకా ఉంటే అమ్మగారి పేరుతో జవాబు ముసాయిదా నేను రాసిపెడతాను, వచ్చే సోమవారం కలెక్టరేటుకు తీసుకెళ్లవచ్చు.